కారు రేసు గేమ్ కొనే ముందు: కావలి మేనమామకి నా జవాబు

ముందు ప్రశ్న రెండు ముక్కల్లో. కావలిలో ఉండే ఒకాయన మేనల్లుడు ఈ ఏడు టెన్త్ మంచి మార్కులతో పాసయ్యాడు. మార్కులొస్తే కారు రేసు గేమ్ కొనిస్తానని మామ ముందే మాటిచ్చేశాడు. పిల్లవాడికి ల్యాప్‌టాప్ ఉంది, హాల్లో పెద్ద టీవీ ఉంది. ఇంటర్‌కి హాస్టల్‌కి వెళ్తాడు. షాపుకి వెళ్తే, స్టీరింగ్ లేకుండా రేసు గేమ్ ఏంది సార్ అని ముప్పై వేల లెక్క రాసి చేతిలో పెట్టారట. ఏ గేమ్ కొనాలి, స్టీరింగ్ తీసుకోవాలా వద్దా, ఇంకేమైనా చూసుకోవాలా అన్నది ఆయన సందేహం.

స్టీరింగ్ ఇప్పుడు కొనకండి. రెండు మూడు వేలలో మంచి కంట్రోలర్ (రెండు చేతులతో పట్టుకుని ఆడే రిమోట్ లాంటిది) ఒకటి తీసుకోండి. ల్యాప్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు (తెర మీద బొమ్మల పని చూసే భాగం) ఉంటే ఫోర్జా హొరైజన్ 5 కొనండి, లేదా ఈఏ కంపెనీ వాళ్ల ఎఫ్1 (ఫార్ములా వన్) గేముల్లో ఒకటి సేల్‌లో పడ్డప్పుడు కొనండి. కార్డు లేకపోతే 2014 నాటి అసెట్టో కోర్సా. మూడూ కారు గేములే, కానీ ఒకదానికీ ఇంకోదానికీ పొంతన లేదు. మీవాడికి ఏది నప్పుతుందో ధర చూసి తెలియదు. వాడు ఆడుతుంటే ఒక పది నిమిషాలు వెనక నిలబడి చూడాలి. ఏం చూడాలో చెప్తాను.

నేను నెల్లూరులో గేమింగ్ పార్లర్ నడుపుతున్నాను. 2004లో మొదలుపెట్టినప్పుడు అది ఇంటర్నెట్ కేఫ్. పిలకాయలు మెయిల్ చూసుకుంటామని వచ్చి, రోడ్ రాష్‌లో పక్క బండివాణ్ణి గొలుసుతో కొట్టి వెళ్లేవాళ్లు. తర్వాత నీడ్ ఫర్ స్పీడ్ రోజులు నడిచాయి. ఇప్పుడు ప్లేస్టేషన్ లాంటి కన్సోళ్లు నాలుగు, రెండు పీసీలు, ఒక స్టీరింగ్ సెట్టు ఉన్నాయి. ఇరవై ఏళ్లుగా రోజూ ఎవరో ఒకరు నా కళ్ల ముందు కారుని గోడకి గుద్దుతూనే ఉన్నారు. నాకు తెలిసిందంతా వాళ్ల వెనక నిలబడి నేర్చుకున్నదే.

కొత్తగా వచ్చిన పిలకాయకి నేను మోంజా పెడతాను. ఇటలీలోని ట్రాక్ అది, 5.793 కిలోమీటర్లు. స్టార్ట్ లైన్ దాటాక పొడుగాటి తిన్నటి దారి, దాని చివర ఒక్కసారిగా కుడికి తిరిగి, వెంటనే ఎడమకి తిరగాల్సిన మలుపు. ఎఫ్1 కారు అక్కడికి 330 దాటిన వేగంతో వస్తుంది, మలుపులోకి దిగేసరికి వంద లోపుకి రావాలి. మలుపు ఇంకెంత దూరముందో చెప్పే మీటర్ల బోర్డులు పక్కన నిలబెట్టి ఉంటాయి. మొదటిసారి ఆడేవాడు ఎవడూ ఆ బోర్డుల్ని చూడడు, బ్రేకూ వేయడు. తిన్నగా వెళ్లిపోతాడు. అది మామూలే. నేను చూసేది రెండోసారి ఏం చేస్తాడని.

పోయిన వేసవిలో ఒంగోలు నుంచి సెలవులకి వచ్చిన ఇద్దరు పిల్లలు, అన్నదమ్ముల బిడ్డలు, మా దగ్గరికి వచ్చారు. పెద్దవాడు రెండోసారి వంద మీటర్ల బోర్డు దగ్గర బ్రేక్ వేశాడు, చాల్లేదు. మూడోసారి బాగా ముందే వేశాడు, కారు మలుపుకి ఇవతలే ఆగినంత పనయింది. నాలుగోసారి ఆ రెండిటికీ మధ్యలో. మాటా పలుకూ లేదు. పక్కన పెట్టిన కూల్‌డ్రింక్ వేడెక్కిపోయింది. అరగంట తర్వాత ఆ మలుపు శుభ్రంగా దాటి, అప్పుడు నోరు తెరిచి "అంకుల్, ఇందాకటి ల్యాప్ ఎంతలో కొట్టాను?" అని అడిగాడు. ల్యాప్ అంటే ట్రాక్ చుట్టూ ఒక రౌండు. చిన్నవాడి చేతికిస్తే ఒక్క ల్యాప్‌కే విసుగొచ్చి కారుని వెనక్కి తిప్పాడు. ఎదురొచ్చే కార్లకి అడ్డంగా పోనిచ్చి, ఒక్కొక్కటి గుద్దుకుంటుంటే కుర్చీలోంచి లేచి ఎగిరాడు.

ఇద్దరూ రేసు గేమ్ ఇష్టమనే చెప్తారు. అబద్ధం కాదు. కానీ పెద్దవాడికి కావలసింది సిమ్, అంటే నిజం కారులా నడిచే సిమ్యులేటర్. చిన్నవాడికి కావలసింది ఆర్కేడ్, అంటే సరదా ఆట. ఎగ్జిబిషన్‌లో గుద్దుకునే కార్లు ఎక్కడం ఒకటి, మైదానంలో నిజం కారు నేర్చుకోవడం ఒకటి. తేడా అంతే. అసెట్టో కోర్సా సిమ్. దాన్ని తయారుచేసిన కూనోస్ కంపెనీ రోమ్ దగ్గరున్న వల్లెలుంగా రేస్ ట్రాక్‌ని ఆనుకుని పుట్టింది, వాళ్లకి టైరు ఎంత జారుతుందన్నదే లోకం. ఫోర్జా హొరైజన్ 5లో మెక్సికో అంతా తిరగొచ్చు, పొలాల్లోంచి, ఇసుకలోంచి, ఎడారిలోంచి ఎట్టా పోయినా అడిగేవాడు లేడు. ఎఫ్1 గేములు ఈ రెండిటికీ మధ్యన ఉంటాయి. పెద్దవాడి లాంటి పిల్లవాడికి హొరైజన్ ఇస్తే నెల రోజుల్లో పక్కన పెడతాడు. చిన్నవాడి లాంటివాడికి సిమ్ కొనిస్తే అదే రోజు సాయంత్రానికి పక్కన పెడతాడు. మూడో రకం కూడా ఉంది: రెండుసార్లు గుద్ది, కంట్రోలర్ మీ చేతికిచ్చి ఫోన్ తీసుకునేవాడు. వాడికి ఏ గేమూ కొనకండి, సైకిల్ కొనివ్వండి.

సిమ్ అంటే కష్టం, చిన్నపిల్లలకి రాదు అని షాపుల్లో చెప్తుంటారు. అది సగమే నిజం. ఎఫ్1 గేమ్ సెట్టింగ్స్‌లోకి వెళ్తే బ్రేకింగ్ అసిస్ట్, ట్రాక్షన్ కంట్రోల్, ఏబీఎస్, ఆటోమేటిక్ గేర్లు, రోడ్డు మీద ఎక్కడ బ్రేక్ వేయాలో ఎర్రగా చూపించే గీత, అన్నీ ఉంటాయి. గుద్దితే కొన్ని సెకన్లు వెనక్కి తిప్పుకునే సదుపాయం కూడా ఉంది. మొదట అన్నీ ఆన్ చేసి ఇవ్వండి. వారానికి ఒకటి చొప్పున తీసేయమనండి. ఒక్క సలహా: ఆ రంగు గీతని మలుపుల్లో మాత్రమే కనిపించేట్టు పెట్టండి. మొత్తం పెడితే పిల్లవాడు గీతనే చూస్తాడు, రోడ్డు చూడడు. మా దగ్గర ఏడాదిగా ఆడే కుర్రాళ్లు కూడా ఆ గీత తీసేస్తే కళ్లు పోయినట్టు తడుముకుంటారు.

ఇక ల్యాప్‌టాప్ సంగతి. షాపువాళ్లు దీని గురించి అసలు అడగలేదని మీరు రాశారు. నాకు ఆశ్చర్యం లేదు. ఫోర్జా హొరైజన్ 5కి తక్కువలో తక్కువ జీటీఎక్స్ 970 స్థాయి గ్రాఫిక్స్ కార్డు, 8 జీబీ ర్యామ్ కావాలి. ఆ కార్డు 2014లో వచ్చింది, అంటే కొత్త గేమింగ్ ల్యాప్‌టాప్‌లకి ఇది పెద్ద విషయం కాదు. కానీ చదువుకోసమని కొన్న నలభై వేల ల్యాప్‌టాప్‌లో విడిగా కార్డు ఉండదు, ప్రాసెసర్‌లోనే ఉన్న చిన్న గ్రాఫిక్స్‌తో నడుస్తుంది. అందులో హొరైజన్ వేస్తే సినిమా బదులు ఫోటోలు చూసినట్టుంటుంది. అసెట్టో కోర్సా మాత్రం సెట్టింగ్స్ తగ్గించి, ట్రాక్ మీద మిగతా కార్లు నాలుగైదుకి తగ్గిస్తే అట్లాంటి ల్యాప్‌టాప్‌ల మీద కూడా ఆడుకోవచ్చు. పాత గేమ్ అని చిన్నచూపు వద్దు. పదేళ్లు దాటినా దాన్ని ఆడేవాళ్లు తగ్గలేదు.

గేమ్ సైజు చూడండి. హొరైజన్ 5కి 110 జీబీ ఖాళీ కావాలి. రోజుకి ఒకటిన్నర జీబీ ఇచ్చే ఫోన్ డేటాతో దింపాలంటే 73 రోజులు. అప్పటికి వాడు ఇంటర్ హాస్టల్లో ఉంటాడు. 40 ఎంబీపీఎస్ ఫైబర్ ఉంటే ఆరు గంటల పైన. కావలిలో మీ ఇంట్లో ఫైబర్ లేకపోతే, ఉన్నవాళ్లింటికి ల్యాప్‌టాప్ తీసుకెళ్లి రాత్రంతా పెట్టి దింపుకుని రండి. పెన్‌డ్రైవ్‌లో వేసిస్తామనేవాళ్ల జోలికి వెళ్లకండి, అది పైరేటెడ్ కాపీ అయివుంటుంది. ఆ కాపీలతో పాటు వైరస్ ఎక్కించుకుని మా దగ్గరికి ఫార్మాట్ చేయించుకోవడానికి వచ్చేవాళ్లు వేసవిలో వారానికి ఒకరైనా ఉంటారు.

మన ఎండల గురించి కూడా ఒక మాట. మే నెలలో నెల్లూరు, ఒంగోలు 42 డిగ్రీలు దాటడం కొత్త కాదు. ఆ వేడిలో ల్యాప్‌టాప్‌ని పరుపు మీద పెట్టి ఆడితే, కింద గాలి ఆడక పావుగంటలో అది తనంతట తానే వేగం తగ్గించుకుంటుంది. గేమ్ బాగాలేదని తిట్టుకుంటారు, తప్పు పరుపుది. బల్ల మీద పెట్టి, వెనకవైపు రెండు పుస్తకాలు ఎత్తు పెట్టి, ఛార్జర్ తగిలించి ఆడమనండి. బ్యాటరీ మీద ఆడితే గ్రాఫిక్స్ కార్డు పూర్తి బలంతో పనిచేయదు. గేమ్ సెట్టింగ్స్‌లో సెకనుకి 60 ఫ్రేములకి (బొమ్మలకి) మించకుండా కట్టేస్తే వేడి ఇంకా తగ్గుతుంది.

మీకు పెద్ద టీవీ ఉందన్నారు, హెచ్‌డీఎంఐ కేబుల్‌తో కలుపుతారు. అక్కడ ఎవరూ చెప్పని ఒక చిక్కుంది. టీవీ తనకొచ్చిన బొమ్మని మెరుగులు దిద్ది చూపిస్తుంది, అందుకు కొంత సమయం తీసుకుంటుంది. సినిమాకి తేడా తెలియదు. రేసులో తెలుస్తుంది. గంటకి 300 కిలోమీటర్ల వేగంలో కారు సెకనుకి 83 మీటర్లు పోతుంది. టీవీ సెకనులో పదో వంతు ఆలస్యం చేసిందంటే మీవాడు చూసే కారు అసలు కారుకంటే ఎనిమిది మీటర్లు వెనక ఉన్నట్టు. మా పార్లర్‌లో కొత్త టీవీ పెట్టిన వారంలో, రోజూ వచ్చే కుర్రాళ్లందరూ ఒకే మలుపు దగ్గర బ్రేక్ ఆలస్యమై తిన్నగా వెళ్లిపోవడం మొదలుపెట్టారు. కంట్రోలర్ పాడైందని ఒకడు, గేమ్ అప్‌డేట్ చెడగొట్టిందని ఒకడు. నేను కంట్రోలర్లు మార్చాను, కేబుళ్లు మార్చాను. మూడో రోజు టీవీ సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ ఆన్ చేస్తే రోగం కుదిరింది. పైసా ఖర్చు లేదు. టీవీకి కలిపిన రోజే గేమ్ మోడ్ ఆన్ చేయండి.

ఇప్పుడు స్టీరింగ్. వద్దన్నాను కదా, ఎందుకో వివరంగా చెప్పాలి, ఎందుకంటే మీ ముప్పై వేలలో ఎక్కువ భాగం దానిదే.

మార్కెట్‌లో రెండు రకాలున్నాయి. పది వేల లోపు వచ్చేవాటిలో చాలావాటికి లోపల స్ప్రింగో రబ్బరో మాత్రమే ఉంటుంది. తిప్పి వదిలితే మధ్యకి వస్తుంది, అంతే. టైరు జారుతోందా, గుంతలో పడిందా అన్నది చేతికి తెలియదు. దానికంటే కంట్రోలరే నయం, వేలి కింద వణుకైనా వస్తుంది. రెండో రకంలో మోటారు ఉంటుంది, ఫోర్స్ ఫీడ్‌బ్యాక్ అంటారు. లాజిటెక్ జీ29 లాంటివి. 900 డిగ్రీలు తిరుగుతుంది, అంటే ఈ చివర నుంచి ఆ చివరకి రెండున్నర చుట్లు. టైరు పట్టు వదిలే ముందు చేతిలో బరువు తగ్గుతుంది, అది తెలిసిన రోజున ఆట మారిపోతుంది. నిజమే. కానీ అది పాతిక వేల పైమాట, పైగా హొరైజన్ లాంటి గేమ్‌లో దాని వల్ల పెద్దగా ఒరిగేదేమీ లేదు, ఆ గేమ్‌ని కంట్రోలర్ కోసమే మలిచారు. ఎఫ్1 కంట్రోలర్‌తో హాయిగా ఆడొచ్చు. స్టీరింగ్ లేకపోతే నిజంగా లోటు తెలిసేది అసెట్టో కోర్సా, దాని తర్వాత వచ్చిన అసెట్టో కోర్సా కాంపిటిజియోనే లాంటి సిమ్‌లలోనే.

స్టీరింగ్ కొంటే అక్కడితో ఆగదు. దాన్ని బిగించడానికి గట్టి బల్ల కావాలి. గాజు బల్లకి క్లాంప్ పట్టదు, పట్టినా భయమే. పెడల్స్ టైల్స్ మీద జారతాయి, కింద గోనెపట్టా వేసి గోడకి ఆనించాలి. ఇక కుర్చీ. జీ29 బ్రేక్ పెడల్ కింద రబ్బరు దిమ్మ ఉంటుంది, గట్టిగా తొక్కాలి. చక్రాల కుర్చీలో కూర్చుని తొక్కితే కారు ఆగదు, కుర్చీ వెనక్కి పోతుంది. మా పార్లర్‌లో మొదటి నెలంతా కుర్చీ కాలుని బల్ల కాలుకి నవారుతో కట్టి నడిపాను. నవ్వుకోండి, కానీ మీ హాల్లో సోఫా ముందు ఇదంతా ఎక్కడ పెడతారో మీ అక్కయ్యని ఒక్కసారి అడిగి కొనండి.

నా తప్పు కూడా చెప్పాలి. మొదటి స్టీరింగ్ సెకండ్ హ్యాండ్‌లో కొన్నాను. అమ్మినాయన అన్నిటికీ పనిచేస్తుందన్నాడు. తెచ్చి ప్లేస్టేషన్‌కి పెడితే ఉలుకూ పలుకూ లేదు. అది ఎక్స్‌బాక్స్ రకం. ప్లేస్టేషన్ స్టీరింగ్ ఎక్స్‌బాక్స్‌కి, ఎక్స్‌బాక్స్ స్టీరింగ్ ప్లేస్టేషన్‌కి మామూలుగా పనిచేయవు. పీసీకి రెండూ పనిచేస్తాయి. జీ29 ప్లేస్టేషన్, పీసీ రకం. చూడ్డానికి దానిలాగే ఉండే జీ920 ఎక్స్‌బాక్స్, పీసీ రకం. మీది ల్యాప్‌టాప్ కాబట్టి ఇప్పుడు ఇబ్బంది లేదు, రేపు కన్సోల్ కొంటే అప్పుడు తెలుస్తుంది. నాది ఎనిమిది నెలలు అటక మీద ఉండి, గేమింగ్ పీసీ కొన్నాక కిందికి దిగింది.

మీవాడు ఇంటర్‌కి హాస్టల్‌కి వెళ్తాడని రాశారు. గేమ్ ఎంపికలో దీని పాత్ర చాలా ఉంది. సెలవులకి వచ్చి ఆడుకునేవాడికి ఇంటర్నెట్ లేకపోయినా నడిచే గేమ్ కావాలి. ఐరేసింగ్ అని ఒకటుంది, సిమ్ ఆడేవాళ్లలో దానికి గొప్ప పేరు. కానీ అది నెలనెలా చందా కట్టేది, ఆపైన చాలా కార్లు, ట్రాకులు విడిగా కొనాలి. వాడు హాస్టల్లో ఉన్న పది నెలలూ చందా నడుస్తూనే ఉంటుంది. మీకు అది వద్దు.

కొన్నది ఎన్నాళ్లుంటుంది అన్నది కూడా ఈ రకం గేముల్లో ప్రత్యేకమైన సమస్య. కథల గేమ్‌లో కారు ఏ బొమ్మ కారైనా ఫర్వాలేదు. రేసు గేమ్‌లో ఫెరారీ పేరు, పోర్షే పేరు, ట్రాకుల పేర్లు, పాటలు, అన్నిటికీ గడువుతో కూడిన లైసెన్సులుంటాయి. గడువు తీరితే అమ్మకం ఆపేస్తారు. ఫోర్జా హొరైజన్ 4 2018లో వచ్చింది, 2024 డిసెంబర్ 15న స్టోర్లలోంచి తీసేశారు. 2017 నాటి ప్రాజెక్ట్ కార్స్ 2 కూడా 2022లో అట్లాగే పోయింది. ముందే కొన్నవాళ్లు ఆడుకోవచ్చు, కొత్తగా కొనడానికి లేదు. కాబట్టి పాత గేమ్ సేల్‌లో కనిపించినప్పుడు వచ్చే ఏడు చూద్దాంలే అనుకోకండి, వచ్చే ఏడు అది ఉండకపోవచ్చు.

అంతకంటే ఘోరం యూబీసాఫ్ట్ కంపెనీ వాళ్ల ది క్రూ అనే రేసు గేమ్. 2014 డిసెంబర్‌లో వచ్చింది. ఒంటరిగా ఆడినా ఇంటర్నెట్ మీద కంపెనీ సర్వర్‌తో మాట్లాడాల్సిందే. 2024 మార్చి 31న సర్వర్లు కట్టేశారు. ఆ రోజు నుంచి డబ్బు పెట్టి కొన్నవాళ్ల డిస్కు కూడా పనికిరాకుండా పోయింది. గేములు చంపొద్దంటూ యూరప్‌లో సంతకాల ఉద్యమం లేచింది దీని మీదే. ప్లేస్టేషన్‌లో ఆడే గ్రాన్ టురిస్మో 7ది ఇంకో రకం: 2022 మార్చిలో అప్‌డేట్ వికటించి 30 గంటల పైన సర్వర్లు పడుకుంటే, ఒంటరిగా ఆడే పోటీలు కూడా చాలావరకు తెరుచుకోలేదు. పీసీ గేములు అమ్మే ఆన్‌లైన్ షాపు స్టీమ్‌లో కూడా మీరు కొనేది గేమ్ కాదు, ఆడుకునే లైసెన్సు. 2024 నుంచి డబ్బు కట్టే పేజీలోనే ఆ మాట రాస్తున్నారు. కొనే ముందు ఇంటర్నెట్ లేకుండా ఆడొచ్చా అన్న ఒక్క ప్రశ్న వెతికి చూసుకోండి. అసెట్టో కోర్సా ఒకసారి దింపుకున్నాక స్టీమ్ ఆఫ్‌లైన్‌లో పెట్టి ఆడుకోవచ్చు. అది నాకు నచ్చే కారణాల్లో ఇదొకటి.

డబ్బు సంగతికొస్తే, కొత్త గేమ్ విడుదలైన నెలలో పూర్తి ధర పెట్టకండి. మూడున్నర వేల నుంచి ఐదు వేల దాకా ఉంటుంది. ఎఫ్1 గేములు ఏటేటా వస్తూ వచ్చాయి కాబట్టి ఒక ఏడాది పాతది బాగా తగ్గుతుంది. జట్లు, డ్రైవర్లు నిరుటివాళ్లు ఉంటారు, మోంజా మోంజాలాగే ఉంటుంది. మొదటి వారాల్లో కారు నడక సరిగ్గా లేక తర్వాత అప్‌డేట్లతో సరిచేసుకునేవి కూడా ఉంటాయి, 2024లో ఎఫ్1 24కి అదే జరిగింది. స్టీమ్‌లో పెద్ద సేల్ జూన్ చివర్లో ఒకటి, డిసెంబర్ చివర్లో ఒకటి ఉంటాయి. ధర రూపాయల్లోనే, యూపీఐతో కట్టొచ్చు. అసెట్టో కోర్సా అన్ని అదనపు కార్లతో కలిపి సేల్‌లో కొన్ని వందలకే దొరుకుతుంది.

స్టీమ్‌లో ఇంకో మంచి సంగతి: కొన్న 14 రోజుల్లోపు, ఆడింది రెండు గంటల్లోపు ఉంటే డబ్బు వెనక్కిస్తారు. కారణం పెద్దగా అడగరు. కానీ ఆ రెండు గంటల్లో గేమ్ తెరిచి ఉన్న ప్రతి నిమిషమూ లెక్కే, మెనూల్లో తిరిగినా, మొదటిసారి గ్రాఫిక్స్ సర్దుకుంటున్నా, ఆన్ చేసి అన్నానికి వెళ్లినా. కాబట్టి మొదటి రోజు మీరు పక్కన కూర్చోండి. ఓ ముప్పావుగంట ఆడించి, ల్యాప్‌టాప్ తట్టుకుంటుందా, వాడు బోర్డులు చూస్తున్నాడా కార్లు గుద్దుతున్నాడా అన్నది చూసి, నప్పకపోతే వెనక్కిచ్చి ఇంకోటి తీసుకోండి. ప్రశ్న అడిగినవాళ్లందరికీ నేను చెప్పే పది నిమిషాల పరీక్ష ఇట్లా ఇంట్లోనే అయిపోతుంది.

ఐదు వేల గేమ్ ఐదొందలకి ఇస్తామని ఆన్‌లైన్‌లో కనిపిస్తుంటారు. వాళ్లు మీకిచ్చేది గేమ్ కాదు, ఎవరిదో అకౌంట్ పాస్‌వర్డ్. ఒకే అకౌంట్ చాలామందికి అమ్ముతారు. నేనూ ఒకసారి ఆశపడ్డాను. మూడు నెలలు బాగానే నడిచింది, ఒకరోజు పొద్దున పాస్‌వర్డ్ మారిపోయింది, అమ్మినవాడి నంబరూ మారిపోయింది. మీవాడి పేరుతోనే, వాళ్లమ్మ ఫోన్ నంబర్ పెట్టి కొత్త అకౌంట్ తెరవండి. గేముల్లో లోపల కూడా కార్లకీ పాయింట్లకీ డబ్బు అడుగుతుంటారు, కాబట్టి బ్యాంకు కార్డు వివరాలు ఆ అకౌంట్‌లో దాచిపెట్టకండి. ఆన్‌లైన్ రేసుల్లో వాయిస్ చాట్ కూడా ఆపేయండి. ఎక్కడెక్కడి భాషల్లోనో తిట్లు వినిపిస్తాయి, పిలకాయలు వాటిని మాత్రం ఒక్కసారికే నేర్చుకుంటారు.

ఇంట్లో ఇంకో పిల్లవాడు ఉన్నాడా? ఉంటే ఎఫ్1 వైపు మొగ్గండి. 2020 నుంచి వాటిలో టీవీని రెండు ముక్కలు చేసి ఇద్దరు ఆడే వీలుంది, ఇంకో కంట్రోలర్ కొంటే చాలు. హొరైజన్ 5లో అది లేదు. ఒక గేమ్, ఇద్దరు పిల్లలు, వేసవి సెలవులు అంటే ఏమవుతుందో మీకు చెప్పక్కర్లేదు.

చివరగా మీరు సరదాగా అడిగిన దానికి: అవును, మన దేశం ట్రాక్ మీద కూడా నడపొచ్చు. గ్రేటర్ నోయిడాలోని బుద్ధ్ ట్రాక్ మీద 2011 నుంచి 2013 దాకా మూడేళ్లు ఎఫ్1 జరిగింది, మూడూ సెబాస్టియన్ వెటెల్ గెలిచాడు. ఆ మూడేళ్ల ఎఫ్1 గేముల్లో అది ఉంది, ఇప్పటి వాటిలో లేదు. అసెట్టో కోర్సాకి అయితే అభిమానులు తయారుచేసిన ట్రాకులు బోలెడు, బుద్ధ్ కూడా అందులో దొరుకుతుంది. మీవాడికి నిజంగానే పిచ్చి ముదిరితే చెన్నై దగ్గర ఇరుంగట్టుకోట్టై ట్రాక్‌లో రేసులు జరిగినప్పుడు తీసుకెళ్లండి. కావలిలో రైలెక్కితే పొద్దున వెళ్లి రాత్రికి రావచ్చు. టీవీలో రాని ఆ మోత, కాలిన రబ్బరు వాసన ఒక్కసారి చూశాక వాడు గేమ్‌లో బ్రేక్ వేసే తీరే మారుతుంది, మా దగ్గరి కుర్రాళ్లలో చూశాను.

ల్యాప్‌టాప్ మోడల్ తెలియదన్నారు కదా. కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ మూడూ కలిపి నొక్కండి, టాస్క్ మేనేజర్ తెరుచుకుంటుంది. అందులో పెర్‌ఫార్మెన్స్ అన్న చోట నొక్కితే ఎడమవైపు కింద జీపీయూ (గ్రాఫిక్స్ చిప్) అని ఉంటుంది. ఒకటే ఉంటే దాని పేరు, రెండు ఉంటే రెండు పేర్లూ రాసి ఇక్కడ పెట్టండి. రాత్రి పార్లర్ కట్టేశాక చూసి, హొరైజనో అసెట్టోనో చెప్తాను. అప్పటిదాకా షాపువాళ్లకి అడ్వాన్స్ ఇవ్వకండి.